ఆదివారం సైకిల్ టూర్: బెర్లిన్ గోడల మీద బొమ్మలు

అందరికీ నమస్కారం. ఈ ఆదివారం ఉదయం పదింటికి వార్షావర్ స్ట్రాసె స్టేషన్ బయట కలుద్దాం. గైడ్ ఇంగ్లీషులోనే చెబుతారు. సైకిల్ లేనివాళ్లు రేపటిలోగా ఇక్కడ చెప్పేయండి, అద్దెకు మాట్లాడతాం.

మొదట ఈస్ట్ సైడ్ గ్యాలరీ. ఒకప్పుడు నగరాన్ని తూర్పు, పడమరలుగా విడదీసిన బెర్లిన్ గోడలో ఇంకా నిలిచి ఉన్న ముక్కల్లో అన్నిటికన్నా పొడవైనది, 1.3 కిలోమీటర్లు. గోడ ఉన్న రోజుల్లో పడమటి వైపు నిండా బొమ్మలు ఉండేవి. తూర్పు వైపు మాత్రం దగ్గరికి వెళ్లే వీలే లేదు. 1990లో 118 మంది ఆర్టిస్టులు రంగులు వేసింది ఆ తూర్పు ముఖం మీదే. సోవియట్ నేత బ్రెజ్నేవ్, తూర్పు జర్మనీ నేత హోనెకర్ ముద్దు పెట్టుకుంటున్న బొమ్మ దగ్గర ఎప్పుడూ జాతరే, అక్కడ సెల్ఫీల కోసం ఎక్కువసేపు ఆగం, ముందే చెప్తున్నా!

తర్వాత ఓబర్‌బామ్ వంతెన దాటి క్రాయిట్స్‌బెర్గ్. అక్కడ విక్టర్ ఆష్ 2007లో వేసిన పెద్ద వ్యోమగామి బొమ్మ ఉంది. నాకు అంతకన్నా ఇష్టం, ఇప్పుడు లేని బొమ్మల కథ. కువ్రి స్ట్రాసెలో బ్లూ అనే ఇటాలియన్ ఆర్టిస్టు వేసిన రెండు భారీ బొమ్మల్ని 2014 డిసెంబరులో ఆయన అనుమతితోనే రాత్రికి రాత్రి నల్లరంగుతో కప్పేశారు. వాటిని చూపించి ఆ చుట్టుపక్కల స్థలాల ధర పెంచుకోవడం ఆయనకు నచ్చలేదు.

పిల్లలకు హెల్మెట్ తప్పకుండా పెట్టండి. తొక్కుతూ ఫోన్ పట్టుకుంటే ఇక్కడ 55 యూరోల జరిమానా. ఫొటోలు ఆగినప్పుడే.