వాన నీళ్ల ట్యాంకు నిలబెట్టినవాళ్లకు కృతజ్ఞతలు

రిటైరై పల్లెలో ఒంటరిగా ఉండాలనుకునే మనిషికి కనిగిరి పక్క అన్నిటికన్నా ముందు తేలాల్సింది తాగే నీళ్ల సంగతి. బోరు నీళ్లలో ఫ్లోరైడు. కాచినా పోదు, నీరు ఆవిరైన కొద్దీ ఇంకా చిక్కబడుతుంది. క్యాండిల్ ఫిల్టరుకూ లొంగదు. డాబా మీద పడే వానను పట్టే ఏర్పాటు చేసిపెట్టిన మీ అందరికీ చేతులెత్తి దణ్ణం.

లెక్క కట్టిన పంతులుగారికి మొదటి నమస్కారం. చదరపు మీటరు మీద ఒక మిల్లీమీటరు వాన పడితే లీటరు నీళ్లు. డాబా 37 చదరపు మీటర్లు. 100 మిల్లీమీటర్ల వానలో ఐదో వంతు పోయినా 2,900 లీటర్ల పైనే వస్తాయి. తాగడానికీ వంటకీ ఒక్కరికి రోజుకు 6 లీటర్లు. అక్టోబరు, నవంబరు వానలకు 2,000 లీటర్ల ట్యాంకు నిండితే 330 రోజులు గడుస్తుంది. 5,000 లీటర్లది అనవసరమని ఆపింది ఆయనే.

మేస్త్రి అన్నా, దిమ్మె దగ్గర మీరు పట్టుబట్టడం ఎంత మంచిదైంది! నిండిన ట్యాంకు రెండు టన్నులు. ఇనుప స్టాండు వేస్తే నల్లరేగడి నానినప్పుడు ఒక కాలు దిగబడి ట్యాంకు ఒరుగుతుంది. గ్రావెల్ దట్టించి, రాతి దిమ్మె రెండడుగులు లేపారు. కుళాయి కింద 5 లీటర్ల బిందె సరిగ్గా పడుతోంది. పెద్ద వయసులో కుళాయి కోసం నేలదాకా వంగే బాధ తప్పింది.

ప్లంబరు అబ్బాయీ, తొలి నీళ్లను మళ్లించే 60 లీటర్ల డ్రమ్ము నీ ఆలోచనే. దుమ్ము, పావురాల రెట్ట, వేపాకు చాలావరకు మొదటి మిల్లీమీటరున్నర వానలోనే కొట్టుకొస్తాయి. నాలుగంగుళాల పైపు ముక్కతో సరిపెట్టేవాళ్లున్నారు గానీ మీటరు పైపులో పట్టేది 8 లీటర్లే. వాన వెలిశాక డ్రమ్ము అడుగు కుళాయి తిప్పి ఖాళీ చేయాలి. మరిచారా, తర్వాతి వాన మురికంతా ట్యాంకులోకే. వెలుతురు దూరితే పాచి పడుతుందని నల్ల ట్యాంకే తెప్పించావు, అదీ మేలైంది.

ఓవర్‌ఫ్లో పైపు మూతికీ దోమల జాలీ కట్టించిన ఏఎన్‌ఎం అమ్మకు ప్రత్యేకంగా. బ్లీచింగ్ కొలతా ఆమె చెప్పిందే: 1,000 లీటర్లకు రెండున్నర గ్రాములు. బకెట్లో కలిపి, తేరిన నీళ్లు మాత్రం పోసి, గంట ఆగి వాడాలి. పొట్లం విప్పి నెలలైన పౌడరుకు సత్తువుండదు.

ఎదురింటి వదినా, ఇల్లు తాళం వేసి ఉన్న రోజుల్లో వాన పడితే డ్రమ్ము కుళాయి చూసుకుంటానన్నారు, అది పెద్ద ధైర్యం. ఎవరైనా కట్టించుకోదలిస్తే వచ్చి కొలతలు రాసుకోండి. టేపు గేటు పక్క గూట్లో ఉంది.