గెలిచిన కేసుకు ఇంకెన్ని వాయిదాలు?

సంపాదకులకు,

డిక్రీని, అంటే గెలిచిన కేసులో కోర్టు తీర్పును, అమలు చేయించమని వేసే దరఖాస్తులు (ఈపీలు) దేశమంతటా 8.82 లక్షలు పేరుకుపోయాయని సుప్రీంకోర్టు తీవ్ర నిరాశ వెలిబుచ్చిన వార్తను 2025 అక్టోబరులో మీరు లోపలి పేజీలో, బంగారం ధరల కింద వేశారు. హైకోర్టులకు మరో ఆరు నెలలు ఇచ్చారట. గడువు మీద గడువు! కింది కోర్టుల అలవాటు పైదాకా పాకినట్లుంది.

ఈపీ వేసిన ఆరు నెలల్లో తేల్చాలని 2021లో రాహుల్ షా కేసులోనే చెప్పారు. 2025 మార్చిలో పెరియమ్మాళ్ కేసులో మళ్లీ చెప్పారు. ఆ తర్వాత ఆరు నెలల్లో 3.38 లక్షలు తేలాయి, సంతోషం. మన ఆంధ్రప్రదేశ్‌లో అప్పటికి ఇంకా 68 వేల పైచిలుకు మిగిలాయి. అందులో ఒకటి నాది.

అద్దెకిచ్చిన రెండు గదుల కొట్టు ఖాళీ చేయించడానికి మా నాన్న 1998లో దావా వేశారు. డిక్రీ 2009లో వచ్చింది, మరుసటి ఏడాది ఈపీ వేశాం. కోర్టు ఉత్తర్వు అమలు చేసే అమీనా వెళ్లి 'తాళం వేసి ఉన్నది, ప్రతివాది ఊళ్లో లేడు' అని రాసుకొచ్చాడు. ఆ సాయంత్రమే ఆ కొట్లో నేను అరకిలో పంచదార కొన్నాను. తూచి పొట్లం కట్టింది ఆ ప్రతివాదే. ఇంటిపన్ను మాత్రం ఏటా నేనే కడుతున్నాను. ఒక్క నెల ఆలస్యమైతే పంచాయతీ బిల్లు కలెక్టరు గుమ్మంలో నిలబడతాడు. ఆయనకు ఏ తాళమూ అడ్డు రాదు! నాన్న 2016లో పోయారు. వారసుడిగా నా పేరు చేర్చినా బంట్రోతు ఇప్పటికీ ఆయన పేరే పిలుస్తాడు. నేనే పలుకుతాను.

జడ్జిగారు బదిలీ, ఇన్‌చార్జిగారికి తీరిక లేదు, ప్లీడర్లు విధుల బహిష్కరణ, ఫైలు కనబడలేదు. కక్షికి మూడు వాయిదాలకు మించకూడదన్న నిబంధన దావాల విచారణకు చట్టంలోనే ఉంది. ఎవరికి పట్టింది? ఈ దేశంలో కక్షిదారు కష్టాలు డిక్రీ వచ్చాకే మొదలవుతాయని బ్రిటిష్ కాలపు అత్యున్నత కోర్టు ప్రీవీ కౌన్సిల్ 1872లోనే అన్నది. దొరలు వెళ్లిపోయారు, కష్టాలు ఇక్కడే ఉన్నాయి.

ఇప్పుడు నా భయం వేరు. లెక్క తగ్గించి పైకి పంపాలన్న హడావిడిలో, బత్తా (నోటీసు, అమీనా ఖర్చుల రుసుము) కట్టలేదనో, పిలిచినప్పుడు పలకలేదనో ఈపీ కొట్టేస్తే అదీ 'తేలినట్లే'. కొత్తగా వేద్దామంటే డిక్రీకి 12 ఏళ్ల గడువు ఎప్పుడో దాటిపోయింది. తేలిన 3.38 లక్షల్లో ఎందరి చేతికి ఆస్తి వచ్చిందో, ఎన్ని ఊరికే కొట్టేశారో ఆ లెక్క కూడా అడిగితే బాగుండేది.

మీ వార్త కత్తిరించి మా ప్లీడరుగారికి చూపించాను. 'బాగుంది, దాచుకోండి' అన్నారు. వాయిదా జనవరి ఆఖరుకు పడింది.

- ఒక డిక్రీదారు, గోదావరి జిల్లా