పందికొక్కు సంగతి

చిన్నీ,

పెర్త్‌లో మీ పెరట్లో తిరుగుతోందని ఫోటో పంపావే, ఆ పొడుగుముక్కు జంతువుని నాన్న ఇంటికొచ్చిన వాళ్ళందరికీ చూపిస్తున్నారు. దాని తర్వాత నీ దగ్గర్నుంచి ఉలుకూ లేదు, పలుకూ లేదు. పనులుంటాయిలే.

బ్యాండికూట్ అని రాశావు కదా, ఆ పేరు మన పందికొక్కు మాటేనే! తెల్లవాళ్ళ నోట్లో పడి అలా అయింది. 1799 నాటికే ఆస్ట్రేలియా చేరి, ఎలుకతో ఏ చుట్టరికమూ లేని ప్రాణికి తగులుకుంది. మీ దగ్గరిది కంగారూలా సంచిలో పిల్లల్ని మోస్తుంది. సంచి నోరు వెనక్కి ఉంటుందట, తవ్వేటప్పుడు మట్టి పిల్లల మీద పడకుండా. అక్కడి ఆదివాసులు, నూంగార్ వాళ్ళు, దాన్ని క్వెండా అంటారట. నాకు ఆ పేరే నచ్చింది.

నిన్న మార్కెట్లో సుబ్బలక్ష్మి పిన్ని కనిపించింది. నువ్వు ఉద్యోగం మానేశావని వాళ్ళబ్బాయి చెప్పాడట. నేను పట్టించుకోలేదు.

అసలు పందికొక్కంటే మన చెన్నై మాంబళం ఇంట్లోది. పోయిన వానల్లో ఉతికే రాయి కింద ఇంత బొరియ చేసింది. పనమ్మాయి సెల్వి "పెరుచ్చాళిమ్మా, పిళ్ళయార్ వాహనం, చంపకూడదు" అని, అంటే పందికొక్కు వినాయకుడి వాహనమని, చీపురు కింద పెట్టేసింది. నాన్న బోనులో మసాలా వడ పెడితే వడ పోయింది, బోను మిగిలింది. ఒకరాత్రి టార్చి, కర్ర పట్టుకుని వెళ్ళారు. అది పారిపోతేగా! వెంట్రుకలు నిక్కబొడుచుకుని పందిలా గుర్రుమంది. పేరు ఊరికే వచ్చిందా మరి? మీ నాన్న ఒక్క గెంతులో రాయెక్కి నా పేరు పెట్టి అరిచారు. మర్నాడు గాజుపెంకులు, సిమెంటు వేసి బొరియ పూడ్చారు. అది పక్కనే ఇంకోటి తవ్వుకుంది. బాబాయి ఇప్పటికీ ఫోన్లో "రాయి దిగావా అన్నయ్యా?" అంటాడు.

సరే, మానేస్తే మానేశావు. నీతులు చెప్పను. కానీ ఇంకోటి చేతికి రాకుండా ఉన్నది వదులుకుంటారా ఎవరైనా? అద్దెకి డబ్బులున్నాయా? ఆ దేశంలో వారం వారం కట్టాలన్నావు. నాన్నకి చెప్పలేదు, బీపీ సంగతి తెలుసుగా. ఉద్యోగం మానినా మధ్యాహ్నం అన్నం మాత్రం మానకు. బ్రెడ్డు తిండి తిండి కాదు. తలకి నూనె పెట్టుకుంటున్నావా? ఫోటోలో నీ చెయ్యి ఒక్కటే కనిపించింది, అదీ చిక్కినట్టుంది.

ఆదివారం ఫోన్ చెయ్యి. ఇక్కడ ఎనిమిదంటే నీకు పదిన్నర. పడుకున్నానని చెప్పకు, ఆ టైంలో వాట్సాప్‌లో కనిపిస్తూనే ఉంటావు.

అమ్మ