ఒక శాతం ఓట్లతో చర్చల బల్ల దగ్గరికి

సంపాదకులకు నమస్కారం.

మహిళా రిజర్వేషన్ మాట వచ్చినప్పుడల్లా మనం సీట్ల లెక్క దగ్గరే ఆగిపోతున్నాం. నాకైతే ఉత్తర ఐర్లండ్ గుర్తొస్తుంది. నువ్వు బ్రిటన్ వైపా ఐర్లండ్ వైపా అన్నదే అక్కడ మొదటి ప్రశ్న, ఆడవాళ్ల సంగతి ఆ తర్వాతే. ఆ రెండు వర్గాల మధ్య ఏళ్లుగా సాగిన హింసను ఆపే శాంతి చర్చలకు 1996లో ప్రతినిధుల ఎన్నిక పెడితే పెద్ద పార్టీలు మహిళలను పట్టించుకోలేదు, దాంతో క్యాథలిక్, ప్రొటెస్టెంట్ ఆడవాళ్లు కలిసి కొన్ని వారాల్లోనే ఉమెన్స్ కొయలిషన్ అని సొంత పార్టీయే పెట్టేశారు. వచ్చింది ఒక్క శాతం ఓట్లు. మొదటి పది పార్టీలకూ రెండేసి సీట్లన్న నిబంధన పుణ్యమా అని మోనికా మెక్‌విలియమ్స్, పెర్ల్ సాగర్ లోపలికి వెళ్లారు. వాళ్లు మాట్లాడటానికి లేస్తే కొందరు మగ నాయకులు ఆవుల్లా అంబా అని అరిచేవారట (మన అసెంబ్లీలే నయమనుకోవాలా?). ఆ చర్చల ఫలితంగా వచ్చిన 1998 గుడ్ ఫ్రైడే శాంతి ఒప్పందంలో బాధితుల గోడు, రెండు వర్గాల పిల్లలు కలిసి చదివే బడుల మాట చేరాయంటే అందులో వీళ్ల పట్టుదల ఉంది.

అసలు తమాషా తర్వాత. ఆ ఒప్పందంతో ఏర్పడిన కొత్త అసెంబ్లీలో ప్రతి సభ్యుడూ యూనియనిస్టు (బ్రిటన్‌తోనే ఉండాలనేవారు), నేషనలిస్టు (ఐర్లండ్‌తో కలవాలనేవారు), ఇతరులు అని ఏదో ఒకటి రాయించుకోవాలి, కీలకమైన ఓటింగుల్లో ‘ఇతరుల’ ఓటుకు బరువు తక్కువ. 2001లో ఫస్ట్ మినిస్టర్ (మన ముఖ్యమంత్రి లాంటి పదవి) ఎన్నికను గట్టెక్కించాలని ఈ పార్టీ తరఫున అసెంబ్లీలో ఉన్న ఇద్దరు సభ్యుల్లో ఒకరు యూనియనిస్టుగా, ఇంకొకరు నేషనలిస్టుగా మారారు. ఏ గీత వద్దని పార్టీ పెట్టారో దానికే చెరోవైపు నిలబడ్డారు! 2003లో ఇద్దరూ ఓడిపోయారు, 2006లో పార్టీయే మూసేశారు. వాళ్ల చేతకానితనం అని మాత్రం నేననుకోను.

ఇట్లు,
ఒక పాఠకురాలు