అమ్మడికి, అవ్వ మామిడి పుడింగు గురించి

తిరుపతి

అమ్మడూ,

అవ్వ పుడింగు, అదే కింద మామిడి ముక్కలు పైన కేకు ఉండేది, ఎట్లా చేయాలో రెండు లైన్లలో మెసేజ్ పెట్టమన్నావు. రెండు లైన్లలో కొలతలు పడతాయి గానీ పుడింగు పట్టదు. అందుకే తీరిగ్గా కూర్చుని రాస్తున్నా. మీ అమ్మ పక్కనుంచి "అంత కథెందుకు, కొలతలు చెప్పు చాలు" అంటోంది. పులిహోరకు ఏనాడూ కొలత చూడని మనిషి!

ముందు ఆ కొలతల సంగతే తేల్చేస్తా. అవ్వకు తూకం రాళ్లు గుడ్లే. రెండు గుడ్లు పెంకుతో సహా తక్కెడలో ఒక పక్కన పెట్టేది. రెండో పక్కన వాటికి సరితూగేంత వెన్న, మళ్లీ అంతే చక్కెర, మళ్లీ అంతే మైదా. ఇక్కడ గుడ్డు 50, 55 గ్రాములు తూగుతుంది కాబట్టి ఒక్కో సరుకు సుమారు 110 గ్రాములయ్యేది. మీ ఇంగ్లండులో, ఆ లీడ్స్‌లో పెద్ద సైజు గుడ్డంటే 63 గ్రాముల పైమాటేనట. నేను చెప్పిన 110 రాసుకుని ఆ గుడ్లు కొడితే పిండి జారిపోతుంది. అంకె రాసుకోవద్దు, గుడ్లు తూచుకో.

మైదాకు చెంచాడు బేకింగ్ పౌడర్ కలిపి రెండుసార్లు జల్లించాలి. అక్కడ సెల్ఫ్ రైజింగ్ అని రాసున్న పిండి దొరుకుతుంది. అందులో పౌడర్ ముందే కలిపి ఉంటుంది, మళ్లీ నువ్వు వేయొద్దు. వేస్తే కేకు పొంగి నడుమ కుంగుతుంది, నాలుక మీద సోడా రుచి తగులుతుంది.

ఇది మనింట్లో పుట్టిన వంట కాదని నీకు తెలుసు. తాత రేణిగుంట రైల్వేలో ఉన్నప్పుడు పక్క క్వార్టర్‌లో ఒక ఆంగ్లో ఇండియన్ డ్రైవర్ కుటుంబం ఉండేది. ఆ ఇంటావిడ దగ్గర అవ్వ నేర్చుకుంది. ఆవిడ చేసేది యాపిల్‌తో. అడుగున యాపిల్ ముక్కలు, పైన కేకు పిండి. ఇంగ్లీషు వాళ్ల పాత వంట అది, ఈవ్స్ పుడింగ్ అంటారు. నువ్వున్న ఊళ్లో ఎవరినడిగినా చెప్తారు. మనకు ఆ రోజుల్లో యాపిల్ అంటే ఎవరైనా ఆస్పత్రిలో పడితే కొనే పండు. అవ్వ యాపిల్ తీసేసి తోతాపురి వేసింది, పండు మీద వేసే చక్కెర తీసేసి చిత్తూరు బెల్లం పెట్టింది, లవంగం పోయి శొంఠి వచ్చింది. ఆవిడ వచ్చి తిని "ఇది నాది కాదు, నీదే" అనిందట. ఈ మాట అవ్వ మాకు చెప్పని మామిడి సీజన్ లేదు.

ఇంక పండు దగ్గరికొస్తా, అసలు పని అంతా అక్కడే ఉంది. నువ్వు ఫోన్లో "మంచి తియ్యటి మామిడి దొరికింది నాయనా, చేసేదా?" అని అడిగావు. తియ్యటి పండు ఉంటే కోసుకుని తిను తల్లీ. మన బేనీషా, అదే బంగినపల్లి, ఉంది చూడు, దాన్ని మించిన పండు లేదు, కానీ పొయ్యెక్కిస్తే రసమంతా దిగి, ముక్క మెత్తగా నలిగి, చివరకు ఉత్త తీపి మిగులుతుంది. తోతాపురిని మన వైపు ఎవరూ కోరి తినరు. ముక్కు తిరిగిన ఆ కాయ పుట్టేదే పల్ప్ ఫ్యాక్టరీ కోసం అన్నట్టు చూస్తారు. కానీ దాని కండ గట్టిది, పీచు తక్కువ, మాగినా పులుపు కొంచెం నిలుస్తుంది. వేడి తగిలినా ముక్క ముక్కగానే ఉంటుంది. దోరగా ఉన్నప్పుడే కోయాలి. బొటనవేలితో నొక్కితే లొంగీ లొంగనట్టు ఉండాలి. పూర్తిగా మాగిందయితే వద్దు.

2025 సీజన్ నీకు గుర్తుండే ఉంటుంది. తోతాపురికి ఫ్యాక్టరీలు కిలోకు 8 రూపాయలు, ప్రభుత్వం 4 రూపాయలు, మొత్తం 12 ఇస్తామని ప్రకటించారు. ఆ ధరకు కూడా ట్రాక్టర్లు గేట్ల ముందు బారులు తీరి నిలబడ్డాయి. దామలచెరువు మండీలో కాయ దింపుకునే దిక్కు లేదు. తోటలున్న చుట్టాలంతా మనింటికి గంపలు గంపలు పంపితే మీ అమ్మ ఊరగాయ, తాండ్ర, పుడింగు అంటూ వీధి మొత్తానికి పంచింది. ఆ ఏడు ఎంత తిన్నా తోట ఉన్న మీ మామ ముఖం చూస్తే గొంతు దిగేది కాదు. సరే, ఆ సంగతి వేరే.

అక్కడ తోతాపురి దొరక్కపోతే గట్టిగా ఉండే మామిడి ఏదైనా సరే, పులుపు చాలకపోతే సగం నిమ్మకాయ పిండు. ఇండియన్ షాపులో డబ్బాల్లో మామిడి గుజ్జు అమ్ముతారు. డబ్బా తిప్పి చూస్తే మన చిత్తూరు అడ్రసు కనిపించినా కనిపిస్తుంది. చూసి సంతోషపడు, దీనికి మాత్రం కొనొద్దు. దాంట్లో ముక్క ఉండదు, పైగా చాలావాటిలో చక్కెర ముందే కలిపి ఉంటుంది.

ఇప్పుడు చేయడం. తొక్క, టెంక తీసేశాక అరకిలో ముక్కలు కావాలి, ఒక్కోటి అంగుళం మందాన. వాటి మీద తురిమిన బెల్లం పిడికెడు, శొంఠి పొడి చిటికెడు, ఉప్పు రవ్వంత చల్లి మూత పెట్టి అరగంట వదిలెయ్. బెల్లానికి ముక్కల్లోంచి నీళ్లు ఊరతాయి. ఆ నీళ్లను ముక్కలతో కలిపి ఉడికించొద్దు, ముక్క పాడవుతుంది. రసం ఒక్కటే వంచి చిన్న గిన్నెలో మరిగించు. చెంచా ముంచి తీస్తే వెనక వైపు అంటుకుని, వేలితో గీత గీస్తే ఆ గీత కలిసిపోకుండా నిలవాలి. పాకం దాకా పోనీయకు, చల్లారితే గట్టిపడుతుంది. అప్పుడు ముక్కలు అందులో వేసి ఒక్క నిమిషం తిప్పి, వెన్న రాసిన గిన్నెలో సర్దు. ఇంకా నీళ్లగా అనిపిస్తే చెంచాడు బియ్యప్పిండి చల్లు.

ఎనిమిదంగుళాల గిన్నె, కాస్త లోతున్నది, ఈ లెక్కకు సరిపోతుంది. ముక్కలు వేడిగా ఉండగానే పైన పిండి పోయాలి. అవ్వ దీని దగ్గర చాలా ఖచ్చితం. చల్లటి పండు మీద పోస్తే పై భాగం ఎర్రగా కాలి, కింద పండుకు ఆనుకున్న చోట పిండి బంకలా పచ్చిగా ఉండిపోతుంది. వేడి పండయితే పిండి కింది నుంచి కూడా ఉడకడం మొదలుపెడుతుంది. కాబట్టి పండు పొయ్యి మీద ఉండగానే పిండి సిద్ధం చేసి పెట్టుకో.

పిండికి ముందు వెన్న, చక్కెర కలిపి తెల్లబడేదాకా గిలక్కొట్టాలి. కేకులోకి గాలి చేరేది ఇక్కడే, అందుకని ఇక్కడ బద్ధకం పనికిరాదు. వెన్న ఫ్రిజ్‌లోంచి అప్పుడే తీసింది కాకూడదు, కరిగిందీ కాకూడదు. గుడ్లు ఒక్కొక్కటిగా వేసి కలుపు. విరిగినట్టు కనిపిస్తే టెన్షన్ పడకుండా చెంచాడు మైదా వేస్తే సర్దుకుంటుంది. తర్వాత మిగతా మైదా, రెండు చెంచాల పాలు, నాలుగు ఏలకుల పొడి. మైదా పడ్డాక గట్టిగా తిప్పొద్దు, కేకు సాగుతుంది. వెనీలా ఎసెన్సు పోస్తావేమో, మామిడి వాసన మీద అదెందుకో నాకు ఇప్పటికీ అర్థం కాదు. నీ ఇష్టం.

శనివారం మనింట్లో గుడ్డు ముట్టం కదా, ఆ రోజుకు అవ్వ దగ్గర వేరే లెక్క ఉంది. 120 గ్రాముల మైదా, 100 గ్రాముల చక్కెర, అరకప్పు చిక్కటి పెరుగు, 60 గ్రాముల కరిగించిన వెన్న, చెంచాడు బేకింగ్ పౌడర్, పావు చెంచా సోడా. పెరుగులో పులుపు, సోడా కలిసిన నిమిషం నుంచే బుడగలు వస్తాయి, అవి పోకముందే ఓవెన్‌లో పెట్టెయ్యాలి. నిజం చెప్పాలంటే నాకు గుడ్డుదాని కంటే ఈ శనివారందే ఇష్టం, కొంచెం పులుపు తగిలి మామిడితో బాగా కలుస్తుంది. మీ అత్త ఒప్పుకోదు.

ఓవెన్ ముందే వేడెక్కి ఉండాలి. 180 డిగ్రీలు, ఫ్యాన్ ఓవెన్ అయితే 160. ముప్పై ఐదు నిమిషాలకు చూడు, నలభై ఐదు పట్టినా పట్టొచ్చు. పుల్ల గుచ్చి చూసేటప్పుడు కేకు మందం వరకే దింపు. పండు దాకా దింపితే ఎంత సేపు కాల్చినా పుల్లకు తడే అంటుతుంది, అది చూసి నువ్వు మాడబెడతావు. అంచులు గిన్నెను వదిలి, వేలితో నొక్కితే తిరిగి లేస్తే అయిపోయినట్టే. గిన్నె కింద ఒక ట్రే పెట్టుకో. పక్కల నుంచి రసం పొంగి ఓవెన్ అడుగున పడితే పొగొస్తుంది. మీ హాస్టల్లో పొగ అలారం మోగితే అందరూ మెట్లు దిగి చలిలో నిలబడాలని నువ్వే కదా చెప్పావు.

అవ్వకు ఈ డిగ్రీలేవీ తెలియవు. స్వర్ణముఖి ఇసుక కడిగి ఎండబెట్టి నూనె డబ్బాలో దాచేది. పెద్ద డేగిసాలో ఆ ఇసుక పోసి, లోపల ముక్కాలి పెట్టి, దాని మీద గిన్నె. మూత మీద నిప్పులు. ఇసుక వేడెక్కిందో లేదో తెలుసుకోవడానికి మూత తీసి గుప్పెడు మైదా చల్లి చూసేది. అది ఎంతసేపట్లో గోధుమ రంగు తిరుగుతుందో చూసి మంట తగ్గించేది. మీ అమ్మ ఇప్పుడు కుక్కర్‌లో చేస్తుంది, గ్యాస్కెట్, వెయిట్ తీసేసి అడుగున ఉప్పు పోసి. అదీ బాగానే వస్తుంది, పైన ఆ ఎర్ర రంగు మాత్రం రాదు.

చలికాలంలో మామిడి ఉండదు కాబట్టి ఆ ఇంటావిడ చేసినట్టు యాపిల్‌తో చెయ్. అక్కడ బ్రామ్లీ అని పుల్లటి వంట యాపిల్ దొరుకుతుందట. అది తోతాపురికి పూర్తిగా వ్యతిరేకం, వేడి తగలగానే మెత్తటి గుజ్జయిపోతుంది. అందుకని ముందు ఉడికించే పని పెట్టుకోకుండా మందంగా కోసి, బెల్లం ఎక్కువ వేసి, పొయ్యి మీద కాస్త వేడి చూపించి వెంటనే పిండి పోసెయ్. సీతాఫలంతో చేయొచ్చా అని చిన్నప్పుడు అడిగేదానివి. వద్దు, వేడికి చేదెక్కుతుంది.

దించాక పదిహేను నిమిషాలు ఆగి వడ్డించు. వేడి వేడిగా తీస్తే రసం పారుతుంది. మేం పైన మీగడ వేసుకునేవాళ్లం, అక్కడ కస్టర్డ్ పోస్తారట, అదీ చూడు. మిగిలింది ఫ్రిజ్‌లో రెండు రోజులు ఉంటుంది, తినేముందు వేడి చేసుకో. నీ రూమ్మేటుకు పెట్టేటప్పుడు శొంఠి ఉందని చెప్పు, కొందరికి ఘాటనిపిస్తుంది.

బెల్లం రెండు అచ్చులు, శొంఠి పొడి, తాండ్ర పార్సిల్ కట్టించాం. తాండ్ర తినడానికి, పుడింగులో వేయడానికి కాదు. చేశాక ఫోటో పెట్టు. పైన ఎర్రగా ఉన్నది తీసి పంపొద్దు, అది అందరిదీ బాగానే ఉంటుంది. గరిటెతో ఒక పక్క తీసి, పండు మీద కేకు ఆనిన చోటు కనిపించేట్టు తీసి పంపు. పచ్చి ఉందో లేదో అక్కడ చూసి చెప్తా.

మీ నాయన