గాయకుల అనుభవాలకు చోటివ్వండి

సంపాదకులకు నమస్కారం.

ఒడిశాలోని మా పర్లాకిమిడిలో ఇంట తెలుగు మాట్లాడుతూ బడిలో ఒడియా చదువుకునే పిల్లలు తెలుగు పాటలను ఒడియా లిపిలో రాసుకొని నేర్చుకుంటారు. ఆ లిపిలో ఎ, ఏలకు గానీ, ఒ, ఓలకు గానీ వేర్వేరు అక్షరాలు లేనందున హ్రస్వ దీర్ఘాల తేడా పోయి, రాగం కుదిరినా మాట చెడుతోంది (మా ఇంట్లోనే ఇది రోజూ వింటున్నాను). ‘పాడుతా తీయగా’ వేదికపై ఎస్పీ బాలసుబ్రహ్మణ్యం గారు పిల్లల ఉచ్చారణను ఓపికగా సరిదిద్ది, పాటలోని మాటకు అర్థం వివరించిన తీరు అందుకే మాకు పాఠమైంది. శాస్త్రీయ సంగీతం పద్ధతిగా నేర్చుకోలేదని దాచకుండా చెప్పుకున్న ఆయనే ‘శంకరాభరణం’ పాటలకు జాతీయ పురస్కారం అందుకున్నారు.

మా పొరుగు రాష్ట్రంలోని విజయనగరం సంగీత కళాశాలలో చదివిన రోజుల్లో ఘంటసాల గారు మధుకరం ఎత్తి (ఇంటింటా అన్నం అడిగి తెచ్చుకొని) కడుపు నింపుకున్నారు; గురువు పట్రాయని సీతారామశాస్త్రి గారిపై ఆయనకున్న భక్తి జీవితాంతం తగ్గలేదు. ఆకలికి వెరవని ఆ సాధన గురించి మా పిల్లలకు ఎవరు చెబుతారు?

గాయకుల ముఖాముఖిలో పురస్కారాల ప్రస్తావన తగ్గించి, వారు గొంతును ఎలా కాపాడుకున్నారో, అనుకరణ వదిలి తమ గొంతుతో పాడడానికి ఎంత కాలం పట్టిందో అడిగి, ఒడిశా సరిహద్దు పాఠకులకు చేరే సంచికలో కూడా ప్రచురించవలసిందిగా కోరుతున్నాను.

– ఒక పాఠకుడు, పర్లాకిమిడి, గజపతి జిల్లా