హార్లన్ తీర్పును ఒక్క వాక్యంతో సరిపెట్టొద్దు

సంపాదకుల వారికి,

అమెరికా విశ్వవిద్యాలయాలు ప్రవేశాల్లో జాతిని లెక్కలోకి తీసుకోవడాన్ని తప్పుపట్టిన 2023 జూన్ 29 నాటి సుప్రీంకోర్టు తీర్పు చర్చకు వచ్చినప్పుడల్లా ఒకే వాక్యం వినిపిస్తుంది: ‘మన రాజ్యాంగానికి రంగు కనిపించదు’. అది 1896లో ప్లెసీ వర్సెస్ ఫెర్గూసన్ కేసులో జస్టిస్ జాన్ మార్షల్ హార్లన్ రాసిన భిన్నాభిప్రాయ తీర్పులోది. చుట్టూ ఉన్నదంతా వదిలేసి దాన్నొక్కదాన్నే పట్టుకుంటే ఆయన వాదన తలకిందులవుతుంది.

ఆ కేసు రైలు పెట్టెల గురించి. లూసియానా రాష్ట్రం 1890లో తెల్లవారికీ నల్లవారికీ ‘సమానమైన, కానీ వేరువేరు’ పెట్టెలుండాలని చట్టం చేసింది. తనది కాని పెట్టెలో కూర్చుంటానని పట్టుబడితే 25 డాలర్ల జరిమానా, లేదా 20 రోజుల వరకు జైలు. ఆయాలకు మాత్రం మినహాయింపు ఉంది: తెల్ల పాపను చూసుకుంటూ నల్ల ఆయా తెల్లవారి పెట్టెలో వెళ్తే తప్పు లేదు, ఒంటరిగా వెళ్తే నేరం! వేరుగా కూర్చోబెట్టడంలో చిన్నచూపు ఉందనిపిస్తే అది నల్లవారు తీసుకున్న అర్థమే తప్ప చట్టంలో లేదని జస్టిస్ బ్రౌన్ మెజారిటీ తీర్పు తేల్చేసింది. ఏడుగురు అటు, హార్లన్ ఒక్కరే ఇటు.

రైలుమార్గం ప్రజల దారి అన్న చోట హార్లన్ మొదలుపెడతారు. అమెరికా రాజ్యాంగ 13వ సవరణ బానిసత్వంతో పాటు దాని ఆనవాళ్లనూ తుడిచేసిందంటారు. వీధికి ఒకవైపు తెల్లవారు, రెండోవైపు నల్లవారు నడవాలని రేపు చట్టం చేస్తే? ప్రొటెస్టంట్లకూ కేథలిక్కులకూ వేరే పెట్టెలు పెడితే? అని నిలదీస్తారు. ఈ చట్టం వచ్చింది నల్లవారిని తెల్లవారి పెట్టెల్లోకి రానివ్వకుండా ఉండటానికేనని అందరికీ తెలుసు అంటారు. అంటే దెబ్బ ఎవరి మీద పడుతోందో కళ్లు తెరిచి చూశాకే ఆయన ఆ వాక్యం దాకా వచ్చారు.

అదే పేరాలో, ప్రతిష్ఠలో, చదువులో, సంపదలో, అధికారంలో తెల్లజాతిదే పైచేయి అని ఒప్పుకుంటారు. అది ఎప్పటికీ అలాగే ఉంటుందనీ అంటారు. ఆ వెంటనే, చట్టం దృష్టిలో మాత్రం ఏలే వర్గమంటూ లేదు, ఇక్కడ కులం లేదు అంటారు. రంగు మాట దాని తర్వాతే వస్తుంది. కొంచెం ముందుకెళ్తే చైనీయుల ప్రస్తావన: పౌరులు కావడానికి మనం ఒప్పుకోనంత భిన్నమైన జాతివారు తెల్లవారి పెట్టెలో కూర్చోవచ్చు, నల్ల పౌరులు మాత్రం కూర్చోకూడదా అని. ఆ వాక్యాన్ని ఉటంకించేవారిలో చాలామంది ఈ పేరా జోలికి పోరు. భారతీయులకూ అదే తలుపు మూసుకుంది: 1923లో, అమెరికా పౌరసత్వం కోరిన భగత్ సింగ్ థింద్ అనే భారతీయుడి కేసులో ‘మీరు తెల్లవారు కారు’ అని సుప్రీంకోర్టు తేల్చింది. 1946 చట్టంతో గానీ మనవారికి అక్కడ పౌరసత్వం తీసుకునే వీలు రాలేదు.

1898లో వాంగ్ కిమ్ ఆర్క్ కేసులో, అమెరికా గడ్డ మీద పుట్టిన చైనీయుల బిడ్డ పౌరుడేనన్న తీర్పును హార్లన్ వ్యతిరేకించారు. 1899లో జార్జియాలోని రిచ్‌మండ్ కౌంటీ బోర్డు నల్లపిల్లల హైస్కూలు మూసేస్తే, జోక్యం చేసుకోబోమన్న ఏకగ్రీవ తీర్పు రాసింది కూడా ఆయనే. దీనివల్ల ప్లెసీ తీర్పు విలువేమీ తగ్గదు గానీ, ఆయన్ను విగ్రహం చేసి నిలబెట్టేవాళ్లు ఇవీ చదవాలి.

2023 ప్రవేశాల తీర్పులో ఇరుపక్షాల న్యాయమూర్తులూ హార్లన్‌నే సాక్ష్యానికి పిలిచారు. తెలుగు పాఠకులకు ఆ వాక్యం చూపించదలిస్తే, దాని ముందున్న మూడు నాలుగు వాక్యాలనూ చైనీయుల పేరానూ కలిపి వేయండి. అంతా కలిపినా అర కాలమ్ దాటదు.

– ఒక న్యాయశాస్త్ర అధ్యాపకుడు, గుంటూరు